వాది, ప్రతివాది, మధ్యలో వదిన

"ఎవరమ్మా ఇంట్లో? కోర్టు కాగితం!"

ఆ కేక వినబడగానే తూనీగ వంటింట్లోంచి ఒక్క ఎగురు ఎగిరింది. చేతికంటిన పిండి దులుపుకోలేదు, ఊడిపోయిన జడ సరిచేసుకోలేదు... గుమ్మంలో నిలబడ్డ కోర్టు బంట్రోతు వేలు పెట్టి చూపించిన చోట చకచకా సంతకం గీకేసింది! "వదినా! మా కేసు కాగితం వచ్చింది వదినా! బోర్డు వాళ్ళకి ఈసారి మూడిందే!" అంటూ కవరు గాల్లో ఊపుకుంటూ లోపలికి పరిగెత్తుకొచ్చింది.

వదిన పొయ్యి తగ్గించింది. చేతులు తుడుచుకుంది. నవ్వుతూ కవరు అందుకుంది, నవ్వుతూ చింపింది, నవ్వుతూనే మొదటి వరస చదివింది. రెండో వరస దగ్గరికి వచ్చేసరికి ఆ నవ్వు ఎటు పారిపోయిందో దానికే తెలియాలి! ఆ కాగితం తూనీగకి వచ్చింది కాదు. తూనీగా, దానితో పాటు పరీక్ష రాసిన పిల్లలూ కలిసి వేసిన కోర్టు ధిక్కారం కేసులో, ప్రతివాది స్వయంగా హాజరై సంజాయిషీ చెప్పుకోవాలని వచ్చిన నోటీసు అది. ఆ ప్రతివాది పేరు... ఇంటిపేరుతో సహా, పొల్లు పోకుండా... వదిన మొగుడిది! తూనీగ తోడబుట్టిన అన్నయ్యది!

"ఏమైంది వదినా? ఏం రాశారు? అలా బొమ్మలా నిలబడ్డావేం?"

"ఏం లేదే... మీ అన్నయ్యకి జైలు శిక్ష ఎందుకు వేయకూడదో చెప్పమంటున్నారు. అంతే."

తూనీగ ఆ కాగితం లాక్కుని చదివింది. మళ్ళీ చదివింది. అక్కడే, వంటింటి నేల మీద కూలబడిపోయింది. అన్న మీద కేసు వేసిన చెల్లెలు, ఆ కేసు నోటీసుని అన్న తరఫున తనే సంతకం పెట్టి అందుకుంది! కోర్టులు పుట్టాక ఇలాంటి చోద్యం ఇంకెక్కడైనా జరిగిందో లేదో గానీ, ఈ ఇంట్లో మాత్రం జరిగింది. ఒకే గుమ్మం, ఒకే తలుపు నంబరు... ఆ బంట్రోతు మాత్రం ఏం చేస్తాడు పాపం!

తూనీగ అన్నది ముద్దుపేరు. వదిన ఈ ఇంటికి కోడలిగా వచ్చేనాటికి దానికి ఏడేళ్ళు. కాలు ఒకచోట నిలిచేది కాదు. గోడ మీదో, కిటికీలోనో, లేకపోతే వదిన వీపు మీదో ఉండేది. తండ్రి లేని పిల్ల. తల్లికేమో మోకాళ్ళ నొప్పులు. అన్నయ్యకి ఆఫీసు. ఇక ఆ పిల్ల జడ, పలక, జ్వరం, అలక... అన్నీ వదినకే బదిలీ అయ్యాయి. వదినకి పిల్లలు పుట్టలేదు. పుట్టలేదన్న దిగులు ఎప్పుడైనా మనసులో మెదిలితే, ఆ మెదిలే చోటు ఖాళీ లేకుండా ఈ తూనీగ వాలి కూర్చునేది!

అది పెద్దదై రాసింది కూడా తూనికలు కొలతల శాఖలో ఇన్‌స్పెక్టరు పరీక్షే. "తూనీగకి తూనికలు రాసిపెట్టి ఉన్నాయి, ఇక తిరుగులేదు!" అని అన్నయ్య ఇల్లెగిరిపోయేలా నవ్వాడు. తిరుగులేదన్న ఆ నోటి వాక్కు ఏ వేళన వెలువడిందో గానీ, ఆ తర్వాత తిరగడం తప్ప మరొకటి లేదు! తూనీగతో కలిపి ముప్ఫై మందికి పైగా ఎంపికయ్యారు. జాబితాలో పేర్లు పడ్డాయి. తీరా ఆర్డర్లు చేతికొచ్చే వేళకి నియామక బోర్డు వారు ఏదో సర్టిఫికెట్టు తేదీ సాకు చూపించి జాబితా మొత్తం అటకెక్కించారు. పిల్లలు కోర్టుకెక్కారు, గెలిచారు. బోర్డు పైకోర్టుకెక్కింది, అక్కడా పిల్లలే గెలిచారు. "ఉద్యోగాలివ్వండి" అంది కోర్టు. "చిత్తం" అంది బోర్డు. చిత్తం అంటే చిత్తంలో పెట్టుకోవడమే గానీ చేతుల్లో పెట్టడం కాదని పిల్లలకి ఆలస్యంగా తెలిసింది! తీర్పైతే వచ్చింది గానీ ఓర్పు తీరిపోయింది. నియామకం అన్న మాటలోనే యముడు నక్కి కూర్చున్నాడని ఆ వయసులో వాళ్ళకెవరు చెబుతారు? ఈలోగా తూనీగకి వయోపరిమితి దాటిపోయింది. ఇది చేజారితే ఇంకో ప్రభుత్వ పరీక్ష రాసే వీలు లేదు. కొరియర్ ఆఫీసులో ఊరివాళ్ళ పార్శిళ్ళు తూస్తూ, ఎప్పటికైనా ఆ తక్కెడలే తనిఖీ చేసే రోజొస్తుందని ఎదురుచూస్తోంది.

అన్నయ్య పనిచేసేది ఆ బోర్డులోనే. కానీ పరీక్షా కేంద్రాలకి బల్లలూ కుర్చీలూ సర్దే విభాగం. చెల్లెలు పరీక్ష రాస్తోందని మొదటిరోజే పైవాళ్ళకి రాసిచ్చి, ఆ ఫైళ్ళుండే గది వైపు కన్నెత్తి కూడా చూడని మనిషి. అలాంటివాడికి, ఉన్నట్టుండి, కుర్చీలు వేయించే మనిషికే కుర్చీ పడింది!

అదెలాగంటే... కోర్టు ధిక్కారం కేసు వాయిదా దగ్గరపడుతోందని తెలియగానే బోర్డు కార్యదర్శి గారికి నడుంనొప్పి వచ్చింది. సెలవు పెట్టారు. ఆయన కింది ఆయనకి రక్తపోటు, ఆయన కింది ఆయనకి కంటి ఆపరేషను. రోగాలన్నీ హోదా ప్రకారం వరుసగా వచ్చాయి! పెద్దలందరూ సెలవంటే, ఖాళీ కుర్చీ దొర్లుకుంటూ దొర్లుకుంటూ వచ్చి అన్నయ్య కాళ్ళ దగ్గర ఆగింది. ఇన్‌ఛార్జి కార్యదర్శి!

"నాకెందుకో ఇది మంచిగా అనిపించట్లేదే. మూడు మెట్లు పైనున్న కుర్చీ ఊరికే ఎవరిస్తారు?" అన్నాడు ఆ రోజు అన్నయ్య.

"ఒప్పుకో అన్నయ్యా! ప్లీజ్! ఆ కుర్చీలో నువ్వుంటే మా ఫైలు కదలకుండా ఎక్కడికి పోతుంది?" అని తూనీగ చెయ్యి పట్టుకుని ఊపింది. అత్తగారు మోకాళ్ళ నొప్పి మరిచి లేచి నిలబడింది. వదిన కూడా... అవును, వదిన కూడా, "ఇన్నాళ్ళకి మీ విలువ తెలిసిందేమోనండీ!" అంది. ఆ సాయంత్రం ఇంట్లో స్వీట్లు. అన్నయ్యని కొత్త కోటులో నిలబెట్టి ఫోటో. ఉరితాడు మెడలో వేస్తే పూలదండ అనుకుని మురిసిపోయిన కుటుంబం లోకంలో ఇదొక్కటే!

ఆ అన్నయ్య, కోర్టు కాగితం వచ్చిన ఈ సాయంత్రం ఇంటికొచ్చి, నోటీసు చదివి, కళ్ళజోడు తీసి, చెల్లెలి వైపు చూశాడు. తూనీగ గోడకి అతుక్కుపోయి నిలబడి ఉంది.

"ఈ కేసు కాగితం మీద సంతకం నీదేనా?"

"అన్నయ్యా... నాకు తెలీదు అన్నయ్యా... ప్లీడరు గారు కాగితాల కట్ట ఇచ్చి, కార్యదర్శి మారారు, పేరు మార్చాలి, సంతకాలు పెట్టండి అన్నారు. అందరం పెట్టేశాం. పేరు ఎవరిదో చదవలేదు. బోర్డు మీద కదా కేసు అనుకున్నాను అన్నయ్యా..."

"పోనీలే. నా మీద కేసు వేసినవాళ్ళలో ఇంత చక్కటి చేతిరాత ఇంకెవరికీ ఉండి ఉండదు," అని నవ్వాడు అన్నయ్య. ఆ నవ్వు చూసి తూనీగ భోరుమంది! తిట్టినా బాగుండేది... కొట్టినా బాగుండేది...

"ఏవండీ, ఇదంతా ఎందుకు? కుర్చీలో ఉన్నది మీరేగా! ఆ ఆర్డర్ల మీద సంతకం పెట్టేస్తే పోలా?" అంది వదిన.

"పెట్టలేనే. తోబుట్టువు పేరున్న ఫైలు మీద నేను సంతకం పెట్టకూడదు. పెడితే, అన్న చెల్లెలికి ఉద్యోగం రాసిచ్చుకున్నాడని రేపే ఎవడో ఒకడు కోర్టుకి పోతాడు. దీనిదీ ఆగుతుంది, దీంతో పాటు అందరివీ ఆగుతాయి. నా వల్ల కాదు, ఇంకెవరికైనా అప్పగించండి మహాప్రభో అని పైకి రెండుసార్లు రాశాను. రెండుసార్లూ 'మీ స్థాయిలోనే పరిష్కరించుకోగలరు' అని తిరిగొచ్చింది. ఫైలు పైకి పోతే పైవాళ్ళు కిందికి తోస్తారు. కింద ఉన్నది నేనొక్కణ్ణే. నా కింద నేల!"

సంతకం పెడితే తప్పు, పెట్టకపోతే ధిక్కారం! ఏ దిక్కూ లేని మనిషి మీద ధిక్కారం కేసేమిటి భగవంతుడా, అని వదిన ఆ రాత్రంతా గిన్నెలతో మొరపెట్టుకుంది.

మర్నాడు వదినా మరదళ్ళిద్దరూ ప్లీడరు దగ్గరికి పరిగెత్తారు. ప్లీడరు గారు మంచివారే. కాకపోతే ఎదురుగా ఉన్నది ఇద్దరు ఆడవాళ్ళైనా సరే, నిండు కోర్టుకి వినిపించేంత గొంతు!

"చూడండమ్మా! కోర్టు ధిక్కారం కేసు కుర్చీ మీద వేయరు, కుర్చీలో కూర్చున్న మనిషి మీద వేస్తారు! కుర్చీని జైల్లో పెట్టలేరుగా మరి! పెద్దలంతా సెలవులు పెట్టింది ఎందుకనుకున్నారు? వాళ్ళ పేరు తప్పించుకోవడానికే!"

"అయితే నా పేరు తీసేయండి సార్. నేను తప్పుకుంటాను," అంది తూనీగ.

"మీరు తప్పుకుంటే ఆయన తప్పించుకుంటారా? మిగతా ముప్ఫై మంది ఉన్నారు. వాళ్ళందరి తరఫునా ముందు నిలబడ్డది మీరే. మీరే వెనక్కి తగ్గితే అన్న కోసం అమ్ముడుపోయిందంటారు. పైగా ఇది మీకూ మీ అన్నకీ తగాదా కాదమ్మా, కోర్టుకీ ఆయనకీ. మధ్యలో మీరు దూరలేరు!"

"మరి మేము చేయగలిగింది...?" అంది వదిన.

ప్లీడరు గారి గొంతు మొదటిసారి తగ్గింది. "ఎదురుచూడటమేనమ్మా."

ఎదురుచూడటం! ఆ ఇంట్లో ఆ తర్వాత ఎదురుగా ఉన్నవాళ్ళని చూడటమే కష్టమైపోయింది. భోజనాల బల్ల దగ్గర వాదికీ ప్రతివాదికీ పక్కపక్కనే కంచాలు పెట్టేది వదిన. వాది ప్రతివాదికి మంచినీళ్ళు అందించేది. ప్రతివాది వాదికి తన కంచంలో ముక్క తీసి వేసేవాడు. కేసు మాట మాత్రం ఎవరూ ఎత్తేవారు కాదు. అత్తగారు ఒక్కోసారి ముద్ద నోటిదాకా తెచ్చుకుని ఆపేసి, కొడుకు మొహం, కూతురి మొహం మార్చి మార్చి చూసేది. అప్పుడు ఆ తల్లి కళ్ళల్లోకి చూసే ధైర్యం వదినకి ఉండేది కాదు...

మొదటి వాయిదాకి అన్నయ్య ఒక్కడే వెళ్ళాడు. ఆఫీసు వాళ్ళు రాసిచ్చిన "పరిశీలనలో ఉన్నది" అన్న మాటే అప్పజెప్పాడు. జడ్జిగారు కళ్ళజోడు మీదుగా చూశారట. "ఎన్నాళ్ళు పరిశీలిస్తారండీ? వచ్చేసారి ఆర్డర్లైనా పట్టుకురండి, లేకపోతే ఇంటిదగ్గర రెండు జతల బట్టలైనా సర్దుకు రండి!" అన్నారట. కోర్టు హాల్లో అందరూ నవ్వారట. ఈ మాట అన్నయ్య ఇంట్లో కూడా నవ్వుతూనే చెప్పాడు. ఎవరూ నవ్వలేదు.

రెండో వాయిదా ముందురోజు పొద్దున వదిన అటక మీద నుంచి చిన్న సంచీ దించింది. దింపి, దాని ముందు కూర్చుంది. జైలుకెళ్ళే మొగుడికి ఏం సర్దాలి? తువ్వాలు పెట్టింది. సబ్బు పెట్టింది. రక్తపోటు మాత్రలు పెట్టింది. అన్నయ్యవి నిజంగా రక్తపోటు మాత్రలే, సెలవు కోసం తెచ్చుకున్నవి కావు! పక్కగదిలోంచి ఇస్త్రీ పెట్టె చప్పుడు వినిపిస్తోంటే తొంగి చూసింది. తూనీగ అన్నయ్య చొక్కాలు ఇస్త్రీ చేస్తోంది. కాలరు దగ్గర, చేతుల అంచుల దగ్గర, మడత పడకుండా ఒత్తి ఒత్తి... ఇస్త్రీ పెట్టె ముందు కన్నీటి బొట్టు, ఆ బొట్టు మీద ఇస్త్రీ పెట్టె... కేసు వేసిన చేతులే ప్రతివాదికి జైలు బట్టలు ఇస్త్రీ చేస్తున్నాయి! ఆ దృశ్యం చూసి వదిన లోపలికి అడుగు పెట్టలేకపోయింది. తలుపు పట్టుకుని అలా నిలబడిపోయింది.

ఆ సాయంత్రం అన్నయ్య ఆలస్యంగా వచ్చాడు. చెప్పులు విప్పకుండానే కుర్చీలో కూర్చున్నాడు. కుర్చీ అన్న వస్తువు మీదే ఆయనకి అసహ్యం పుట్టినట్టు, వెంటనే లేచి నిలబడ్డాడు.

"సంతకాలు పెట్టేశాను," అన్నాడు.

"పెట్టేశారా!" అంది వదిన.

"అందరివీ... ఒక్కటి తప్ప." ఆయన గోడకి చెబుతున్నాడు. "పరాయి పిల్లల ఆర్డర్లు నేను ఇవ్వొచ్చు. రక్తసంబంధం అడ్డు లేదు. వాళ్ళ నోటి దగ్గర కూడు నేనెందుకు ఆపాలి? అందరివీ సంతకాలు చేసేశాను. దీనిది... దీనిది నా చేత్తో ఇవ్వలేనని రాసి, కింద సంతకం పెట్టి..."

తూనీగ, "మంచి పని చేశావు అన్నయ్యా. వాళ్ళల్లో ఒకమ్మాయికి ఇద్దరు చిన్నపిల్లలు," అంది. అని, అన్నయ్య కాళ్ళ దగ్గర వంగి ఆయన చెప్పులు తీసి మూలన పెట్టింది.

ఇంతలో ప్లీడరు ఫోను. ఫోను చెవికి దూరంగా పెట్టినా ఆ గొంతు ఇల్లంతా మోగింది. "మిగతా వాళ్ళందరూ తృప్తిగా ఉన్నారమ్మా! రేపు కేసులో మిగిలేది మీరొక్కరే! జడ్జిగారు మిమ్మల్ని అడుగుతారు. కొనసాగిస్తానంటే మీ అన్నగారి మీద అభియోగం నమోదవుతుంది. శిక్ష పడితే ఆయన ఉద్యోగం కూడా మిగలదు. వద్దంటే కేసు మూసేస్తారు. మూసేస్తే మీ హక్కు కూడా మూసుకుపోయినట్టే! వేరే అధికారి చేత ఇప్పించమని మళ్ళీ కొత్త కేసు వేయొచ్చు గానీ, అది తేలేలోపు ఆ పోస్టు మీ కోసం ఎవరూ ఖాళీగా ఉంచరు. ఆలోచించుకోండి!"

ముప్ఫై మంది కలిసి తోసిన బండి చక్రం చివరికొచ్చి అన్నాచెల్లెళ్ళిద్దరి మధ్యే ఆగింది!

వంటింట్లో అత్తగారు వదిన మోచెయ్యి పట్టుకుంది. "అమ్మాయీ! నువ్వు చెప్పు దానికి. నేను కన్నాను గానీ అది నీ మాటే వింటుంది. వదిలేయమను. నా కొడుకు... ఈ వయసులో వాడు జైలుకెళ్తే..."

"అత్తయ్యా, అది కూడా మీ కూతురే కదా!"

"అందుకేగా నేను అడగలేకపోతున్నాను!" అని ఆ ముసలి ప్రాణం వెక్కి వెక్కి ఏడ్చింది. "నా నోటితో ఎలా అడగనే? నువ్వడుగు... నీకు మొగుడు కదా..."

మొగుడు! అవును. మరి ఆ పిల్ల ఎవరు? వదిన చెయ్యి విడిపించుకుని తూనీగ గదిలోకి వెళ్ళింది. అడగాలనే వెళ్ళిందో, అడగకూడదని వెళ్ళిందో ఆమెకే తెలియదు. మంచం మీద మోకాళ్ళు ముడుచుకు కూర్చున్న ఆ పిల్లని చూడగానే... ముప్ఫై దాటినా మోకాళ్ళ మీద గడ్డం ఆనించి కూర్చునే ఆ అలవాటు మానని పిల్లని చూడగానే... నోట్లోంచి ఇంకో మాట వచ్చేసింది.

"నువ్వు వదలొద్దే! వింటున్నావా? ఎవరేం చెప్పినా వదలొద్దు. రాత్రుళ్ళు కళ్ళు పోయేలా చదివావు. గెలిచింది నువ్వు. దొంగతనం చేయలేదు, దయ అడగలేదు. మీ అన్నయ్యకి ఏం జరిగితే అది జరగనీ, నేను చూసుకుంటాను. నువ్వు మాత్రం వదలొద్దు!"

తూనీగ వదినని కౌగిలించుకుంది.

కోర్టు హాలు వదిన ఊహించినంత పెద్దగా లేదు. ఎత్తుగా ఉన్న పంకాలు నెమ్మదిగా తిరుగుతున్నాయి. చెక్క బెంచీలు నునుపు తేలి ఉన్నాయి. గోడ పక్కన ఫైళ్ళ కట్టలు మోకాలెత్తున పేర్చి ఉన్నాయి. వదిన వెనక బెంచీలో కూర్చుంది. ఒళ్ళో సంచీ. ముందు వరసలో ఆర్డర్లు రాబోతున్న పిల్లలు ఒకరి చేతులొకరు పట్టుకుని గుసగుసలాడుకుంటున్నారు. వాళ్ళ సంతోషం చూసి ఏడవాలో నవ్వాలో తెలియలేదు.

కేసు పిలిచారు. అన్నయ్య ఒక పక్క, తూనీగ ఒక పక్క నిలబడ్డారు. జడ్జిగారు కాగితాలు తిరగేస్తూ ఆగారు.

"ఏమిటిది? వాది చిరునామా, ప్రతివాది చిరునామా ఒకేలా ఉన్నాయి. టైపు తప్పా?"

"తప్పు కాదండీ, ఇద్దరిదీ ఒకే ఇల్లు," అన్నారు ప్లీడరు గారు. ఆ గొంతుకి హాలంతా తిరిగి చూసింది.

"ప్రతివాది మీకేమవుతారు?" అని జడ్జిగారు తూనీగని అడిగారు.

"అన్నయ్యండి."

"ఎవరితో వచ్చారు ఇవాళ?"

"అన్నయ్యతోనేనండి. ఒకే ఆటోలో వచ్చాం."

హాల్లో ఎవరో కిసుక్కుమన్నారు. జడ్జిగారు నవ్వలేదు. కాగితాలు పక్కన పెట్టి నిదానంగా అన్నారు: "చూడమ్మా, మిగతా వాళ్ళందరికీ ఆర్డర్లు సిద్ధమయ్యాయి. మీకు రాలేదు. అంటే ఈ కోర్టు ఉత్తర్వు పూర్తిగా అమలు కాలేదు. ఆయన ఇబ్బంది ఏమిటో నాకు అర్థమవుతోంది. కానీ ఇబ్బంది వేరు, ఉత్తర్వు వేరు. మీరు ముందుకెళ్తానంటే ఈయన మీద అభియోగం నమోదు చేయక తప్పదు. వద్దంటే ఇక్కడితో ముగిస్తాను. మీ హక్కు కూడా దానితోనే ముగుస్తుంది. బాగా ఆలోచించి చెప్పండి. కొనసాగిస్తారా?"

అన్నయ్య తల వంచుకుని నేల చూస్తున్నాడు. తూనీగ తల తిప్పింది. హాలంతా దాటి, ముందు వరసల తలలన్నీ దాటి, వెనక బెంచీ దాకా చూసింది. వదిన చూపూ దాని చూపూ కలిశాయి. 'వదలొద్దు' అని తల ఊపాలనుకుంది వదిన. నిన్న చెప్పిన మాటే కదా! తల ఊపడానికి ఏం బరువు! ఒళ్ళో సంచీని రెండు చేతులతో గట్టిగా పట్టుకుంది. తల ఊపిందో లేదో ఆమెకే గుర్తు లేదు.

తూనీగ ముందుకు తిరిగింది.

"వద్దండి."

"మీ మీద ఎవరైనా ఒత్తిడి తెచ్చారా?"

"లేదండి. వదిలేయమని ఎవరూ అనలేదు. వదలొద్దనే చెప్పారు."

అంతే! గుమస్తా ఏదో రాసుకున్నాడు. కేసు ముగిసింది. ఇంకో కేసు పిలిచారు. ఇన్నేళ్ళ కేసు ముగియడానికి మంచినీళ్ళు తాగినంత సేపు కూడా పట్టలేదు! అన్నయ్య నిలబడ్డ చోటే నిలబడి ఉంటే, పక్కకి జరగండి సార్ అని పోలీసు చెప్పాల్సొచ్చింది. వరండాలోకి వచ్చాక ఆయన చెల్లెలి తల మీద చెయ్యి వేశాడు. ఏదో అనబోయాడు. తూనీగే ఆ చెయ్యి పట్టుకుని కిందికి దించింది. "ఆకలేస్తోంది అన్నయ్యా, ఇంటికెళ్దాం," అంది.

మర్నాడే కార్యదర్శి గారి నడుంనొప్పి మాయమైంది! ఆ వెనకే రక్తపోటు దిగింది, కన్ను తెరుచుకుంది. అన్నయ్య సంతకాలు పెట్టిన ఆర్డర్లని కార్యదర్శి గారు తన చేతుల మీదుగా పంచిపెట్టారు. ఫోటోలు, చప్పట్లు, న్యాయస్థానం పట్ల మాకు ఎనలేని గౌరవమని ఒక ఉపన్యాసం. ఆ సభకి బల్లలూ కుర్చీలూ వేయించింది ఎవరనుకున్నారు? అన్నయ్యే! తన పాత విభాగం, తన పాత పని. తూనీగ స్థానంలో జాబితాలో తర్వాతి మనిషిని పిలుస్తామన్నారట. ఎవరో, ఏమో, వాళ్ళింట్లో ఆ సాయంత్రం స్వీట్లు తెచ్చుకుని ఉంటారు...

కోర్టుకెళ్ళొచ్చి రెండు రోజులైంది. వదిన మంచం మీద కూర్చుని ఆ సంచీలో బట్టలు బయటికి తీస్తోంది. తూనీగ కొరియర్ ఆఫీసు నుంచి వచ్చి, చేతి సంచీ తగిలించి, గుమ్మంలో నిలబడింది.

"ఇంకా సర్దలేదా వదినా అవి?"

"ఇప్పుడే..." అని వదిన ఆగింది. రెండు రోజులుగా గొంతులో అడ్డంపడి ఉన్న మాట ఇక ఆగలేదు. "ఎందుకలా చేశావే? ఎందుకు వద్దన్నావు? నేను వదలొద్దనే కదే నీకు చెప్పాను! ఆ రోజు అంతగా చెప్పానే!"

"చెప్పావు వదినా. నోటితో చెప్పావు."

"అంటే?"

"జడ్జిగారు అడిగినప్పుడు నీ మొహం చూశాను."

వదిన చేతిలో చొక్కా జారింది. "నా మొహంలో... ఏముందే?"

"అన్నయ్య ఉన్నాడు," అంది తూనీగ. నిష్ఠూరంగా కాదు, తప్పు పట్టినట్టు కాదు. పార్శిలు తూచి, ఇంత బరువుందండీ అని చెప్పినట్టు చెప్పింది.

కాదని చెప్పాలి! ఇప్పుడైనా, ఈ ఒక్కసారైనా, కాదే పిచ్చిదానా, అందులో నువ్వూ ఉన్నావే అని చెప్పాలి! వదిన నోరు తెరిచింది. కానీ ఆ రోజు కోర్టులో "వద్దండి" అన్న మాట చెవిన పడగానే ముందుగా గుండెల్లోంచి దిగిన బరువు... ఆ హాయి... రెండు రోజులుగా తన దగ్గర తనే దాచుకున్న ఆ హాయి... దాన్ని ఈ పిల్ల ముందే చూసేసింది. పుట్టకముందే చూసేసింది! ఇక అబద్ధం ఎవరికి చెప్పాలి?

"తిట్టవే నన్ను. నీకు పుణ్యముంటుంది, ఒక్క మాట తిట్టు!"

"ఎందుకు తిట్టడం? చిన్నప్పుడు జ్వరం వస్తే మందు చేదో తీపో కూడా నీ మొహం చూసే తెలుసుకునేదాన్ని. మొన్న కొత్తగా ఏం చూశాను?" తూనీగ నవ్వబోయింది. నవ్వు సగంలో విరిగింది. "నాక్కూడా ఉద్యోగం కావాలనే ఉంది వదినా. చాలా కావాలని ఉంది. కానీ మీ ఇద్దరి మొహాలు అలా చేసి నేను ఏ తక్కెడ తనిఖీ చేయను?"

వీధి తలుపు చప్పుడైంది. అన్నయ్య వచ్చాడు. ఈ గదిలో దీపం చూసి ఇటు రెండడుగులు వేశాడు, ఆగాడు, మళ్ళీ వెనక్కి తిరిగి తల్లి గదిలోకి వెళ్ళిపోయాడు. రెండు రోజులుగా ఆయన అలాగే వచ్చి, అలాగే వెళ్ళిపోతున్నాడు.

వదిన రెండు చేతులతో మొహం కప్పుకుంది. అది ఇక ఎవరికీ కనబడకూడదన్నట్టు, గట్టిగా. తూనీగ ఆ చేతులు తీయడానికి ప్రయత్నించలేదు. పక్కనే మంచం మీద కూర్చుని, జారిపడ్డ చొక్కా అందుకుని, కాలరు సరిచేసి, మెల్లగా మడతపెట్టసాగింది.